ముఖం కనిపించని పన్నెండు సినిమాలు

ద్వాళికి ఎనభై రెండేళ్లు. అందులో డెబ్భై ఏళ్లు ఒకే ఒక్క మాట మీద కొట్లాడింది. "మా బాపు సినిమాల చేసిండు." ఆ మాట అన్నందుకు పుట్టింటి తండాలో నవ్వారు, అత్తింటి తండాలో నవ్వారు, నాట్లేయడానికి కూలికి వచ్చిన పై ఊరివాళ్లు కూడా నవ్వారు. ఆమె మాత్రం మాట మార్చలేదు. మొండిఘటం. "నవ్విన నాపచేనే పండుతది, సూస్తుండుండ్రి" అనేది. నాపచేను పండకుండానే జుట్టు పండిపోయింది.

అత్తిల్లు జనగామ దగ్గర లింగాల ఘనపూర్ మండలంలో ఒక తండా. పుట్టిల్లు మహబూబాబాద్ అవతల, కొత్తగూడ అడవిలో. మధ్య వంద కిలోమీటర్ల పైనే ఉంటుంది. అయినా పుట్టింటి వైపు ఏ పెళ్లి జరిగినా, ఏ చావు జరిగినా ద్వాళి వెళ్లాల్సిందే, వెళ్లగానే బలరాం నోట పడాల్సిందే. బలరాం ఆమె బాబాయి మాన్‌సింగ్ కొడుకు, ఆమె కన్నా రెండేళ్లు చిన్న. దూరం నుంచి అక్కను చూడగానే మొదలుపెట్టేవాడు.

"సినిమాయన బిడ్డ వస్తుంది, జర కుర్సీ వెయ్యుండ్రి!"

లంబాడీ ఇళ్లలో మాట్లాడుకునే భాష వేరు. ఇక్కడ వాళ్ల మాటలన్నీ తెలుగులోకి మార్చి చెబుతున్నవే. 'యాడీ' అనే పిలుపును మాత్రం అలాగే ఉంచుదాం. యాడీ అంటే అమ్మ. అమ్మను ఇంకో భాషలో పిలిస్తే పలకదు.

ద్వాళి తండ్రి ధన్‌సింగ్. ఆయన బొంబాయి వెళ్లిన కథ కూడా మామూలుగా ఉండదు. ఇరవై ఏళ్ల వయసులో, తమ్ముడు మాన్‌సింగ్‌ను వెంటేసుకుని, జత ఎడ్లను అమ్మడానికి జనగామ అంగడికి వచ్చాడు. అదే పూట స్టేషన్లో నీళ్ల కోసం ఆగిన రైల్లోంచి ఒక గుర్రం బెదిరి బయటపడింది. బొంబాయి సినిమా కంపెనీ కోసం తూర్పు జిల్లాల్లో కొని, హైదరాబాద్ మీదుగా తీసుకెళుతున్న గుర్రాల్లో అదొకటి. ఇంజను కూతకు అదిరిపోయి, పెట్టె తలుపు తన్నుకుని, నేరుగా అంగట్లోకి దూకింది. కూరగాయల గంపలు ఎగిరిపడ్డాయి, బేరగాళ్లు బండ్ల కింద దూరారు. ధన్‌సింగ్ ఎదురు నిలబడ్డాడు. అతనికి ఎడ్లు తెలుసు గానీ గుర్రం తెలియదు. అయినా చెవి దగ్గర నోరు పెట్టి, ఎద్దుతో మాట్లాడినట్టే ఏదో మాట్లాడాడు. గుర్రం తల వంచి అతని వెనక నడిచింది.

"నువ్వు కూడా దీనితోని బొంబాయి వస్తవా?" అని అడిగాడు గుర్రాలు తీసుకెళుతున్న మనిషి.

ధన్‌సింగ్ ఎడ్ల సొమ్ము తమ్ముడి చేతిలో పెట్టి, గుర్రం పెట్టె ఎక్కేశాడు. ఇంటి దగ్గర తల్లి సంకటి వండుకుని ఎదురుచూస్తోంది. ఆమెకు చెప్పి వెళదామంటే ఇల్లు వంద కిలోమీటర్ల వెనక ఉంది, రైలు అంతసేపు ఆగదు. బండెక్కాక గుర్రం నుదుటి మీద తెల్లటి చందమామ గుర్తు చూసి, దానికి చాంద్ అని పేరు పెట్టుకున్నాడు.

అవి మాటలు లేని సినిమాల రోజులు. తెర మీద మనిషి పెదవులు కదులుతాయి గాని శబ్దం రాదు. అందువల్ల ఎవరిది ఏ భాష, ఎవరిది ఏ యాస అని అడిగినవాడు లేడు. గుర్రం మేపడానికి పోయిన ధన్‌సింగ్ ఆరు నెలల్లో కెమెరా ముందుకొచ్చాడు. అయిదేళ్లలో పన్నెండు సినిమాలు చేశాడు. కోటగోడ మీంచి గుర్రాన్ని దూకించాడు, వాగులో ఈదించాడు, మండుతున్న గడ్డివాము పక్క నుంచి పరుగెత్తించాడు. ఇదంతా ఆయన ద్వాళికి చిన్నప్పుడు ఇప్పపువ్వు ఏరుతూ ఏరుతూ చెప్పినదే. చివర్లో ఎప్పుడూ ఒకటే మాట అనేవాడు.

"పన్నెండు సినిమాలు చేసిన బిడ్డా. ఒక్కదాంట్ల గూడ నా మొఖం కనవడదు."

"ఎందుకు కనవడదు బాపూ?"

"ఎండ ఎక్కువుంటుండె."

ఎండకూ ముఖానికీ ఏం సంబంధమో ఆ పిల్లకు అర్థమయ్యేది కాదు. అయినా నమ్మింది. బాపు చెబితే నమ్మడమే, ఇంకో లెక్క లేదు.

తర్వాత సినిమాకు మాట వచ్చింది. ధన్‌సింగ్‌కు కష్టం వచ్చింది. కంపెనీ వాళ్లు ఒక గదిలో నిలబెట్టి, ఏదైనా మాట్లాడమన్నారు. లంబాడీ, తెలుగు, ఉర్దూ మూడూ కలిసిన తన మాట మాట్లాడాడు. యంత్రం పట్టుకున్నవాడు పగలబడి నవ్వాడు. అంతకు ముందే గుర్రం మీంచి పడి తుంటి విరిగి ఉంది. మొత్తానికి కుంటుకుంటూ కొత్తగూడ చేరాడు. చేతిలో ఒక ఫొటో లేదు, కాగితం ముక్క లేదు. చాంద్ మెడలోని ఇత్తడి మువ్వ ఒకటి ఉంది, అంతే. ఇంటికొచ్చేసరికి తల్లి చనిపోయి మూడేళ్లయింది. 'చెప్పకుండ పోయిండు, చెప్పకుండ పోయిండు' అనుకుంటూనే పోయిందట.

"గుర్రాల పెండ తీయనీకి పోయిండు, సినిమాల చేసిన అంటుండు" అని మొదట నవ్వింది తమ్ముడు మాన్‌సింగే. ఆ నవ్వే కొడుకు బలరాంకు వారసత్వంగా వచ్చింది.

ధన్‌సింగ్ ఆ నవ్వులకు ఎప్పుడూ జవాబు చెప్పలేదు. పోడు కొట్టుకున్నాడు, తునికాకు కోశాడు, నడి వయసులో పెళ్లి చేసుకుని ఒక్క బిడ్డను కన్నాడు. ద్వాళికి పదేళ్లప్పుడు మహబూబాబాద్‌లో డేరా సినిమా వచ్చిందంటే బండి కట్టి తీసుకెళ్లాడు. తెర మీద ఎవరు పాడారో, ఎవరు పోట్లాడారో ఆయనకు పట్టలేదు. ఒక రౌతు కళ్లెం గట్టిగా లాగగానే లేచి నిలబడి "అట్ల గుంజకురా, దాని నోరు తెగుతది!" అని కేక పెట్టాడు. డేరా వాళ్లు తండ్రీబిడ్డలిద్దర్నీ బయటికి పంపేశారు. ద్వాళి బతుకులో చూసిన మొదటి సినిమా అలా సగంలో అయిపోయింది.

ఇక పెళ్లి ముచ్చట. లంబాడీ పెళ్లిలో అత్తింటికి పోయే పిల్ల తన వాళ్ల మెడలు పట్టుకుని, ఊగుతూ, రాగం తీసి పాడుతూ ఏడుస్తుంది. దాన్ని ఢావ్లో అంటారు. ఏళ్ల తర్వాత అక్కాచెల్లెళ్లు కలిసినా అలాగే మెడలు పట్టుకుని పాడి ఏడుస్తారు. అది ఆడవాళ్ల విద్య. తల్లి బిడ్డకు నేర్పుతుంది. మగవాడు వెక్కిరింపుకు తప్ప ఆ పాట జోలికి పోతే తండాలో తలెత్తుకోలేడు. ద్వాళికి నాలుగేళ్లప్పుడే తల్లి పోయింది. పదిహేనో ఏట పెళ్లి కుదిరింది. పెళ్లికి పది రోజుల ముందు ధన్‌సింగ్ బిడ్డను పోడు చేలోకి తీసుకెళ్లాడు. చుట్టూ ఎవరూ లేరని చూసి, ఆమె మెడ చుట్టూ చేతులు వేసి, మెల్లగా ఊగుతూ పాట ఎత్తుకున్నాడు.

ద్వాళి బిత్తరపోయింది. ఆడవాళ్లు కూడా అంత లోతుగా పాడలేరు. అందులో తండాలో ఎవరికీ తెలియని చరణం ఒకటి ఉంది.

*చక్రమొకటి తిరుగుతోంది యాడీ,*
*నీళ్లు రావు, నూనె రాదు, పిండి రాదు.*
*మంట లేని వెలుతురులో నిలబెట్టారు నన్ను.*
*నీకు చెప్పి రాలేదు యాడీ, ఇప్పుడు చెబుతున్నా.*

చక్రం అన్నచోట కుడిచేయి పైకెత్తి, గాల్లో మూడుసార్లు గుండ్రంగా తిప్పాలి. "ఇదేం చక్రం బాపూ?" అంటే "గట్లనే నేర్చుకో" అన్నాడు. పెళ్లి రోజు ద్వాళి గట్లనే పాడింది, గట్లనే చేయి తిప్పింది. ఏడుస్తున్న ఆడవాళ్లు ఏడుపు ఆపి నవ్వారు. పదమూడేళ్ల బలరాం ఆ రోజు నుంచి మొదలుపెట్టాడు. అరవై ఏడేళ్లుగా అక్క కనిపిస్తే చాలు, చేయి ఎత్తి మూడుసార్లు తిప్పుతాడు, గొంతు సన్నం చేసి చక్రమొకటి తిరుగుతోంది యాడీ అని మొత్తం చరణం పాడతాడు. తీజ్ పండుగకు అదొక వేడుక.

ధన్‌సింగ్ పోయి కూడా యాభై ఏళ్లు దాటింది. ఇక ఈ సంగతి ఇలాగే మట్టిలో కలిసిపోవాల్సిందే. కానీ ద్వాళికి దీప అనే మనవరాలు ఉంది. కొడుకు బిడ్డ. భూపాలపల్లిలో బొగ్గు గని సర్వే ఆఫీసులో ఉద్యోగం. భూమి కింద ఎక్కడేముందో గీతలు గీసి చెప్పడం ఆమె పని. దాదీ, అంటే నాయనమ్మ, చెప్పే ముచ్చట్లను నమ్మీ నమ్మక, అప్పుడప్పుడు ఫోన్లో వెతుకుతూ ఉండేది. పోయిన వానాకాలం దొరికింది. పాత ఫిల్ములు భద్రపరిచే ఒక సంస్థ వాళ్లకు బొంబాయి గోదాములో తుప్పు పట్టిన డబ్బా ఒకటి దొరికిందట. మాటలు లేని ఒక సినిమాలో పదకొండు నిమిషాలు మిగిలాయి. అందులో రాణి గుర్రమెక్కి కోటగోడ దూకుతుంది. గుర్రం నుదుటి మీద తెల్లటి చందమామ. ఇందులో నటించినవాళ్లు ఎవరో తెలిస్తే చెప్పండని కింద రాశారు.

దీప ఆ సంస్థకు ఉత్తరం రాసి మొత్తం తెప్పించింది. కానీ ఫోన్లో చూపిస్తే ద్వాళికి కనిపించలేదు. ఆమె కుడికన్ను పోయింది, ఎడమకంటి నడుమ మచ్చ పడింది. ఎవరి వైపు నేరుగా చూస్తే వాళ్ల ముఖమే మాయమవుతుంది. చుట్టుపక్కల గోడ, కిటికీ అన్నీ కనిపిస్తాయి. ఆ మిగిలింది కూడా ఈ చలికాలం దాటదని దవాఖానలో చెప్పారు.

"పెద్దగ సూపియ్యి బిడ్డా, గోడంత పెద్దగ" అంది ద్వాళి. "ఇంకోటి. బలరాం గూడ ఉండాలె. వాడు లేకుంటే సూసుడెందుకు?"

బలరాం వస్తానన్నాడు, ఒక షరతు మీద. "మీ బాపు అండ్ల కనవడకపోతే, ఇగ ఈ ముచ్చట బంద్ చెయ్యాలె అక్కా. సచ్చేదాకా మల్ల ఎత్తొద్దు."

డెబ్భై ఏళ్ల మాట అది. "మల్ల ఎత్తను" అంది ద్వాళి.

ఆదివారం మధ్యాహ్నం, భూపాలపల్లి క్వార్టర్ల మధ్య ఉన్న కమ్యూనిటీ హాల్లో కిటికీలకు దుప్పట్లు కట్టారు. చుట్టుపక్కల ఇళ్లవాళ్లు ఒక ముప్పై మంది పిల్లాజెల్లాతో వచ్చి కూర్చున్నారు. ముందు వరుసలో ద్వాళి, పక్కన బలరాం. ఆమె గుప్పిట్లో ఇత్తడి మువ్వ. దీప కంప్యూటర్ నొక్కగానే గోడ మీద బొమ్మ పడింది. గీతలు, మరకలు, వాటి వెనక గుర్రం.

"చాంద్!" అంది ద్వాళి. చిన్నప్పటి నుంచి పేరు మాత్రమే విన్న గుర్రం గోడంత ఎత్తున నిలబడి తల విదిలిస్తోంది.

ఇక బాపు కోసం వెతకడం మొదలైంది. తల పక్కకు తిప్పి, కంటి అంచుతో ఒక్కొక్క మగవాణ్ణీ వెతికింది. బల్లెం పట్టిన భటులు, తలపాగా సేనాపతి, రౌతులు. "గీయన? కాదు. గీయన? ముక్కు గట్ల ఉండదు." బొమ్మలోని మనుషులు కాళ్లకు నిప్పంటినట్టు ఉరుకుతున్నారు. రాణి ఘాగ్రా ఎగురుతుండగా చాంద్ మీద కోటగోడ దూకింది. హాల్లో అందరూ 'అమ్మో' అన్నారు. ద్వాళి రాణి వైపు చూడనే లేదు. ఆమె వెతుకుతున్నది మగవాణ్ణి.

తొమ్మిది నిమిషాలు గడిచాయి. మగవాళ్లందరూ అయిపోయారు.

"లేడు కదా అక్కా" అన్నాడు బలరాం. గొంతులో వెక్కిరింపు లేదు. గెలుస్తానని వచ్చినవాడికి కూడా గెలుపు రుచించలేదు. "పోనీ తియ్యి. ఇగ ఇడిసిపెట్టు."

ద్వాళి గుప్పిట బిగుసుకుంది. ఇంతకాలం మోసిన మాటను ఇక్కడ దించేసి ఇంటికి వెళ్లాలి. ఆ గుప్పిట చూస్తే దీపకు ఏడుపొచ్చింది. ఎందుకు వెతికానా అని తనను తాను తిట్టుకుంది.

గోడ మీద చివరి ఘట్టం నడుస్తోంది. యుద్ధానికి బయలుదేరే రాణి, ముసుగు వేసుకుని, తనను పెంచిన ముసలి దాది మెడ పట్టుకుని ఏడుస్తోంది. ఇద్దరూ చేటలో బియ్యం చెరిగినట్టు టకటకా ఊగుతున్నారు. పిల్లలు కిలకిలా నవ్వారు.

"ఆపు!" అంది ద్వాళి.

దీప ఆపింది.

"ఏడ్సుడు గంత తొందరగ ఉంటదానే? ఎవలు ఉరికిస్తున్నరు ఆ ఏడ్పును?"

"అది మిషిన్ తప్పు దాదీ. అప్పట్ల కెమెరాను ఒక మనిషి చెయ్యితోని తిప్పుతుండె. మెల్లగ తిప్పేది. ఇప్పుడు మన మిషిన్ దాన్ని జల్దీ నడిపిస్తది. అందుకే అందరు ఉరికినట్టు కొడుతరు."

"చెయ్యితోనా? ఎట్ల?"

"గిట్ల" అని దీప కుడిచేయి ఎత్తి, గాల్లో గుండ్రంగా తిప్పి చూపించింది.

ద్వాళి కంటి అంచున ఆ చేయి తిరిగింది, ఒకటి, రెండు, మూడు. నీళ్లు రాని, నూనె రాని, పిండి రాని చక్రం. మంట లేని వెలుతురు. పాటలో బాపు చెప్పిందంతా నిజంగా చూసిందే. అరవై ఏడేళ్లు ఆమె పాడింది, అర్థం ఈ పూట తెలిసింది.

"ఈ ఏడ్పు మొదటికెల్లి పెట్టు. మెల్లగ" అంది.

"ఎంత మెల్లగ దాదీ?"

"నేను పాడుత. నా పాటకు కలుపు."

ద్వాళి కళ్లు మూసుకుని ఢావ్లో ఎత్తుకుంది. గొంతు మొదట జీరగా వచ్చింది, రెండో చరణానికి తేటపడింది. దీప బొమ్మ వేగం తగ్గిస్తూ పోయింది. కొంచెం, ఇంకొంచెం. ఒక చోట పాట, బొమ్మ కలిశాయి. ద్వాళి ఎక్కడ రాగం సాగదీస్తే అక్కడ గోడ మీది రాణి వెనక్కి ఊగింది. ఎక్కడ ఊపిరి తీస్తే అక్కడ రాణి భుజాలు లేచాయి. హాల్లో పిల్లలు కూడా గప్‌చిప్ అయ్యారు. మాట లేని బొమ్మకు తొంభై ఏళ్లు దాటాక మాట వచ్చింది. అది ఎనభై రెండేళ్ల ముసలమ్మ నోట వచ్చింది.

"చక్రమొకటి తిరుగుతోంది యాడీ..."

గోడ మీది రాణి కుడిచేయి దాది మెడ మీంచి లేచింది. గాల్లో గుండ్రంగా తిరిగింది. ఒకటి. రెండు. మూడు.

సంస్థ వాళ్లు పంపిన కాగితంలో 'రాణి ఇక్కడ రాట్నం తిప్పుతున్నట్టు అభినయిస్తోంది' అని ఉంది. రాట్నం కాదు, అది కెమెరా చక్రం. పక్కన చూస్తే బలరాం కుడిచేయి కూడా గాల్లో ఉంది. అది దానంతట అదే లేచి, మూడుసార్లు తిరిగి, ఆగిపోయింది. ఆ చేతికి ఆ పాట అంత అలవాటు. బలరాం నోరు తెరుచుకుని ఒకసారి గోడను, ఒకసారి తన చేతిని చూసుకున్నాడు.

రాణి వేషంలో ఉన్నది ధన్‌సింగ్. ముఖం ఎందుకు కనపడదో, ఎండ అని ఎందుకు తప్పించుకున్నాడో ఇప్పుడు తెలిసింది. గుర్రమెక్కడానికి భయపడే నాయికకు బదులు పన్నెండు సినిమాల్లో ఘాగ్రా కట్టి, ముసుగేసి దూకింది ఆయనే. ఎలాగూ ముసుగే కదా అని ఏడ్చే ఘట్టానికి కూడా ఆయన్నే నిలబెట్టారు. ఏడవమంటే ఆ పల్లెటూరి పిల్లవాడికి నటించడం తెలియలేదు. ఇంట్లో ఆడవాళ్లు ఏడ్చినట్టు, చెప్పకుండా వదిలి వచ్చిన తల్లిని తలచుకుని, కళ్ల ముందు తిరుగుతున్న చక్రాన్ని పాటలో పెట్టి నిజంగానే ఏడ్చాడు. ఆమె బతికి ఉందో పోయిందో కూడా అప్పటికి అతనికి తెలియదు.

"నీకు చెప్పి రాలేదు యాడీ, ఇప్పుడు చెబుతున్నా..."

ఆ మాట దగ్గర గోడ మీది మనిషి తల పైకెత్తాడు. ముసుగు జారింది.

"దాదీ!" అని దీప గట్టిగా నొక్కింది. బొమ్మ నిలిచిపోయింది.

రెండు రెప్పపాట్ల బొమ్మ, ఉరుకుతున్నప్పుడు ఎవరి కంటికీ ఆనలేదు. ఇరవై రెండేళ్ల కుర్రవాడు. కోసుగా ఉన్న గడ్డం, గొంతు మీద ఎత్తుగా కదిలే ముడి, చెంపల మీద కారిపోయిన రంగు, సగం తెరిచిన నోరు. ఒక్కదాంట్ల గూడ కనవడదు అన్న ముఖం గోడంత ఉంది. ఆ సంగతి ఆయనకే తెలియదు. తను చేసిన సినిమా ఆయన ఏనాడూ చూడలేదు.

ద్వాళి ఆత్రంగా కళ్లు తెరిచి నేరుగా చూసింది. నల్లటి మచ్చ. చుట్టూ కోట, చెట్లు, ముసలి దాది, నడుమ ఏమీ లేదు. తర్వాత గుర్తొచ్చి, బాపు మీంచి చూపు తీసి పక్కకు, బలరాం వైపు తిప్పింది. అప్పుడు కంటి అంచున కనిపించాడు.

"ఎంత చిన్నోడు" అంది. "నా మనుమరాలి కన్న చిన్నోడు."

బలరాం లేచాడు. లంబాడీ మగవాడు ఎన్నడూ చేయని పని చేశాడు. ముప్పై మంది చూస్తుండగా అక్క మెడ చుట్టూ చేతులు వేసి, మెల్లగా ఊగుతూ, రాగం తీశాడు.

"చక్రమొకటి తిరుగుతోంది యాడీ..."

మొత్తం చరణం పాడాడు. వెక్కిరించడానికి నేర్చుకున్న పాట అది. ఒక్క మాట తప్పు పోలేదు.